పద్నాలుగు సీన్ల గొంతు

డబ్బింగ్ మూడో రోజు మధ్యాహ్నం భోజనానికి లేచిన మనిషి మళ్లీ మైకు ముందుకు రాలేదు. హైదరాబాద్‌లో ఆ స్టూడియో మెట్లు దిగుతూ నాలుగో మెట్టు మీద కూర్చుండిపోయాడట. ఆయాసం తీర్చుకుంటున్నాడని అందరూ అనుకున్నారు. ఆసుపత్రికి చేర్చేసరికి ప్రాణం లేదు. ఆ సినిమాలో ఆయనకు మాటలున్న సీన్లు ఇరవై ఆరు. పద్నాలుగింటికి గొంతు ఇచ్చాడు. పన్నెండు మిగిలిపోయాయి.

మర్నాడు మా పేపరు జిల్లా పేజీకి హైదరాబాద్ నుంచి వచ్చిన వార్తలో ఈ సంగతి లేదు. వందకు పైగా సినిమాల్లో జడ్జిగా, డాక్టరుగా, హెడ్మాస్టరుగా, పెళ్లికూతురి తండ్రిగా నటించి మెప్పించిన మనిషి అని రాశారు. రాసింది తప్పేమీ కాదు. కానీ ఆ వందలో ఒక్కదానిలోనూ ఆయన గొంతు వినిపించదని రాసినవాళ్లకు తెలియదు. ముఖం ఆయనది, మాట మరొకరిది. నలభై ఏళ్లు అట్లాగే గడిచింది. తన ముఖానికి తన గొంతు కలవబోయిన మొదటి సినిమా ఇదే.

నెల్లూరు జిల్లా బోగోలు మండలంలో సముద్రం ఒడ్డున ఉన్న ఒక పాలెం ఆయనది. తండ్రి చేపల వేటకు పోయేవాడు. ఆయన కూడా పద్దెనిమిదేళ్లు వచ్చేదాకా పోయాడు. తెప్ప మీద నిలబడి అలల మోత దాటించి ఒడ్డున ఉన్నవాళ్లకు మాట వినిపించాలంటే గొంతు ఒక రకంగా తయారవుతుంది. పైస్థాయిలో మొదలై, మధ్యలో కాస్త చీలి, చివరి అక్షరాన్ని సాగదీసి వదిలేస్తుంది. ఆ పాలెంలో అందరి గొంతులూ అంతే. ఎవరికీ అది వింతగా ఉండదు.

ముఖం మాత్రం వేరే ఎవరిదో అన్నట్టు ఉండేది. పెద్ద నుదురు, బరువైన కనుబొమలు, కొంచెం కిందికి వంగిన ముక్కు. ఊరికే నిలబడినా ఏదో తీర్పు చెప్పబోతున్నట్టే కనిపించేవాడు. కావలిలో నాటకాల కంపెనీ వాళ్లు ఆ ముఖం చూసే తీసుకున్నారు. అక్కడి నుంచి మద్రాసు చేరాడు.

మొదటి వేషం జడ్జి. ఆ కథ ఆయన నోటనే పదిసార్లు విన్నాను. నల్లకోటు తొడిగి ఎత్తు బల్ల వెనక కూర్చోబెట్టారు. ముద్దాయికి ఉరిశిక్ష వేయాలి. ఒకే ఒక్క వాక్యం. వాక్యం చెప్పగానే ముందు లైట్లు పట్టుకున్నవాళ్లు నవ్వారు, తర్వాత కెమెరా దగ్గర ఉన్నవాళ్లు.

"కడాకు బోనులో ఉండే ముద్దాయి కూడా నవ్వినాడబ్బయా. ఉరిశిక్ష పడినోడే నవ్వితే ఇంకేముండాది?" అనేవాడు.

డైరెక్టర్ నవ్వలేదు. ముఖం ఉంచండి, గొంతు మార్పించండి అన్నాడు. అంతే. ఆ మాట ఆయన మీద స్థిరపడిపోయింది. తర్వాత వచ్చిన డైరెక్టర్లెవరూ ఆయన్ని మాట్లాడించి చూడనే లేదు.

గొంతు ఇచ్చిన మనిషి మద్రాసులోనే ఉండేవాడు. సన్నటి, పొట్టి మనిషి. పదిసార్లు చూసినా గుర్తుండని ముఖం. ఆయన నోరు తెరిస్తే మాత్రం గదిలో నలుగురు పెద్దమనుషులు ఉన్నట్టు అనిపించేదట. మరో నటుడైతే తన నోట్లో ఇంకొకరి మాట పెట్టినందుకు పంతం పెంచుకునేవారు. ఈయన తిన్నగా వాళ్లింటికి పోయి పరిచయం చేసుకున్నాడు. "నేను ఎట్ట నోరు కదిపితే నీకు సులువుగా ఉంటాది?" అని అడిగాడు. ఆయన చెప్పింది ఒకటే: ప, బ, మ వచ్చే చోట పెదాలు కచ్చితంగా మూయి, మిగిలింది నేను చూసుకుంటాను.

ఆ పాఠం ఈయన ఒంట్లోకి ఇంకిపోయింది. మామూలు మాటల్లో కూడా ఆ అక్షరాల దగ్గర పెదాలు నొక్కి మూసి తెరిచేవాడు. నెల్లూరులో మా పేపరాఫీసు ఎదురు హోటల్లో "బాబూ, పెసరట్టు" అంటే సర్వర్ ఆగి మూతి వంక చూసేవాడు.

ఎట్లాగూ డబ్బింగే కదా, ఒకటి రెండు మూడు అని అంకెలు చెప్పండి చాలు అనే అసిస్టెంట్లు ఆ రోజుల్లో ఉండేవాళ్లు. చాలామంది నటులు అట్లాగే చేసేవాళ్లు కూడా. ఈయన చేసేవాడు కాదు. రాసిచ్చిన మాటంతా కంఠస్థం పట్టి, ఎవరూ వాడుకోరని తెలిసి కూడా పూర్తి గొంతుతో చెప్పేవాడు. ఎందుకని అడిగితే, "నేను లెక్కలు చదవతా ఉంటే పాపం ఆయన నా మొగంలో ఏం చూసి ఏడస్తాడబ్బయా?" అన్నాడు.

పని లేని రోజుల్లో పాలెంలోనే ఉండేవాడు. భార్య ఎండుచేపలు కట్ట కట్టి కావలి మార్కెట్టుకు తీసుకుపోయేది. "జడ్జిగారి పెండ్లాం వచ్చిందిరా, బేరాలాడబాకండి" అని అక్కడివాళ్లు ఎగతాళి చేసేవాళ్లు. ఆమె కూడా తగ్గేది కాదు. "ఆడితే ఉరేపిస్తా" అనేది. కానీ భర్త సినిమాలు హాలుకు వెళ్లి చూసేది కాదు. మొదటిది చూస్తూ మధ్యలో లేచి వచ్చేసిందట. "నా మొగుడి నోట్లో నుంచి ఎవడో మాట్లాడతా ఉంటే ఎట్ట కూర్చునేది నాయనా? దెయ్యం పట్టినట్టుండాది" అని నాతోనే అంది.

ఇంటికి టీవీ వచ్చాక దీనికి ఆమే ఉపాయం కనిపెట్టింది. ఆయన నటించిన పాత సినిమా ఏదైనా వచ్చిందంటే ఆమె శబ్దం పూర్తిగా తగ్గించేసేది. ఆయన టీవీ పక్కన పీట వేసుకుని కూర్చుని తన మాటలన్నీ తనే చెప్పేవాడు. ఇరవై ఏళ్ల కిందటి మాటలు ఒక్కటీ మరిచిపోలేదు. బొమ్మలో పెదాలు కదలడం, పక్కన ఆయన పెదాలు కదలడం ఒకేసారి జరిగేవి. ఆదివారం మధ్యాహ్నం గుమ్మం దగ్గర పదిమంది చేరేవాళ్లు. హీరో మాట్లాడేటప్పుడు మాత్రం అంతా నిశ్శబ్దం. హీరో ఏమన్నాడో ఎవరికీ తెలిసేది కాదు, ఎవరూ అడిగేవాళ్లు కాదు.

"ఆ హీరోది కూడా నువ్వే చెప్పకూడదా మామా?" అని ఒకామె అడగడం నేను విన్నాను.

"ఆయన గొంతు ఆయనకుండాదిలే మే" అన్నాడు.

కోవూరులో జరిగింది కూడా చెప్పాలి. ఒక బడి వార్షికోత్సవానికి సినీనటుడని పిలిచారు. వార్త కోసం నేను కూడా వెళ్లాను. దండ వేశారు, శాలువా కప్పారు. ఒక డైలాగ్ చెప్పమన్నారు. ఆయన లేచి, అప్పట్లో బాగా ఆడిన సినిమాలో తన తీర్పు చెప్పాడు. తన గొంతుతో. జనం ఒక్క క్షణం చూశారు. వెనక నుంచి ఎవరో "అది కాదు సార్, ఒరిజినల్‌గా చెప్పండి" అని అరిచారు.

ఆయన మళ్లీ చెప్పాడు. ముందు వరసలో కూర్చున్న ఒక రైతు పక్కవాడితో గట్టిగానే అన్నాడు: "ఈయన ఆయన కాదురా. ఆయన మాదిరి ఉండే మనిషిని తోలుకొచ్చినారు. మనల్ని ఎర్రోళ్లని చేసినారు."

నవ్వులు మొదలయ్యాయి. బడి కమిటీ కార్యదర్శికి ముచ్చెమటలు పట్టాయి. మైకు చేత్తో మూసి, "సార్, ఏమీ అనుకోకండి, మీ దగ్గర కార్డేమన్నా ఉందా?" అని చెవిలో అడిగాడు. ఆయన జేబులో నుంచి నటుల సంఘం కార్డు తీసి ఇచ్చాడు. కార్యదర్శి దాన్ని ఎత్తి సభకు చూపించాడు. అప్పుడు చప్పట్లు కొట్టారు. తిరుగు బస్సు పెన్నా వంతెన దాటి నెల్లూరు చేరింది. దిగేటప్పుడు ఆయన, "వాళ్ల తప్పేముండాదబ్బయా? వాళ్లు విన్న గొంతు వాళ్లు అడిగినారు" అన్నాడు.

మా ఆఫీసుకు తరచూ వచ్చేవాడు. పేపర్లన్నీ తిరగేసి, టీ తాగి వెళ్లేవాడు. తన గురించి రాయమని ఎన్నడూ అడగలేదు. వార్త వేయమని అడిగింది ఒక్కసారే, అదీ వేరే మనిషి గురించి. మద్రాసులో ఆ గొంతు మనిషి పోయాడు. ఈయన వెళ్లి, పాడె మోసి, రైలు దిగి నేరుగా మా దగ్గరికి వచ్చాడు. బట్టలు కూడా మార్చుకోలేదు.

"నా గొంతు పోయిందబ్బయా. పేపర్లో ఎయ్యాల" అన్నాడు.

వేస్తాం, వివరాలు చెప్పన్నా అన్నాను. చెప్పాడు. ఫొటో ఉందా అంటే చొక్కా జేబులో నుంచి తన ఫొటో తీసి బల్ల మీద పెట్టాడు.

"ఇది నీది కదన్నా."

"నాదే. ఆయన మొగం ఎవురికి తెలుసు? నా మొగం చూస్తేనే ఆయన గొంతు గుర్తొస్తాది జనానికి. నా ఫొటో ఏసి కింద ఆయన పేరు రాయి."

"అన్నా, రేపు పొద్దున పోయింది నువ్వే అనుకుంటారు. వదిన కొట్టుకు చస్తుంది."

"అనుకోనీ. సగం నిజమే గదా" అన్నాడు.

వార్తలు దిద్దే డెస్కువాళ్లు ఒప్పుకోలేదు. ఒప్పుకోరని నాకు ముందే తెలుసు. ఫొటో లేకుండా లోపలి పేజీలో నాలుగు వాక్యాలు వచ్చాయి. మర్నాడు వచ్చి చదివి, పేపరు మడిచి బల్ల మీద పెట్టి వెళ్లిపోయాడు. తర్వాత రెండు నెలలు మా ఆఫీసు మెట్లెక్కలేదు.

ఆ తర్వాత సినిమాలు తగ్గి సీరియళ్లు పెరిగాయి. అక్కడ డబ్బింగ్‌కు ఆ పూట ఎవరు దొరికితే వాళ్లే. ఒక సీరియల్‌లో ఆయన తాత వేషం వేశాడు. సోమవారం ఒక గొంతు, బుధవారం ఒక గొంతు. ఒక వారం పాతికేళ్ల కుర్రాడెవరో చెప్పాడు. పాలెంలో ఆడవాళ్లు ఆయన దారిన పోతుంటే ఆపి, "ఏంది మామా, నిన్న పడుచోడివి అయిపోయినావంట?" అని ఆటపట్టించేవాళ్లు. "జలుబు తగ్గిందిలే మే" అని నడిచి వెళ్లేవాడు. పీట వేసుకుని టీవీ పక్కన కూర్చోవడం ఆ రోజుల్లోనే మానేశాడు. సీరియల్ మాటలు కంఠస్థం పట్టే పని లేదని చెప్పేవాడు. ఆరోజు కాగితం ఆరోజే ఇస్తారు, ఆరోజే మరిచిపోతామని.

ఈ కొత్త సినిమా డైరెక్టర్‌కు ముప్పై ఏళ్లు ఉంటాయేమో. కావలి పక్కనే పుట్టి పెరిగాడు. సముద్రం ఒడ్డు కథ రాసుకుని, పాలెం పెద్ద వేషం కోసం ఈయన ముఖం గుర్తుపెట్టుకుని ఇంటికి వచ్చాడు. అతను వచ్చిన సమయానికి ఈయన వల లాగే ట్రాక్టరు వాడి మీద అరుస్తున్నాడు, దారికి అడ్డంగా పెట్టాడని. డైరెక్టర్ ఆ అరుపులు పూర్తయ్యేదాకా నిలబడి విన్నాడు.

"సార్, నాకు మీ గొంతే కావాలి. డబ్బింగ్ మీరే చెప్పాలి."

ఈయన వెంటనే ఒప్పుకోలేదు. లోపలికి వెళ్లి మంచినీళ్లు తాగి వచ్చాడు. "చూసుకో నాయనా. ఒకతూరి చెప్పినాను. ముద్దాయి నవ్వినాడు."

"ఇందులో మీరు జడ్జి కాదు సార్. మీ ఊరాయనే."

షూటింగ్ కృష్ణపట్నం దగ్గర ఇసుకలో జరిగింది. పవర్ ప్లాంట్ గొట్టాలు కనపడకుండా కెమెరాను ఎప్పుడూ ఒకే వైపు తిప్పి ఉంచేవాళ్లు. నేను ఒక రోజు ఆయన భార్యతో కలిసి వెళ్లాను. పెద్ద కర్ర చివర బొచ్చు తొడుగు వేసిన మైకును ఆయన తల మీదుగా పట్టుకున్నారు. ఆమె చూసి, "కర్రకి పిల్లిని కట్టినారేంది నాయనా?" అంది. ఇక్కడ రికార్డయ్యే మాటను పైలట్ ట్రాక్ అంటారని, గాలి, జనరేటర్ మోత కలిసిపోతాయి కాబట్టి సినిమాలో ఉంచరని, దాన్ని చెవిలో వింటూ తర్వాత గదిలో మళ్లీ చెబుతారని సౌండ్ చూసే అబ్బాయి వివరించాడు. అలల కేసి తిరిగి ఆయన మాట చెప్పాడు. దూరంగా వల బాగు చేసుకుంటున్న నిజమైన వేటగాళ్లు ఇద్దరు ఎవరో పిలిచారనుకుని తలలు ఎత్తారు. ఆమె ఆ రోజు సాయంత్రం దాకా ఎండలోనే నిలబడి ఉంది. కూర్చోమన్నా కూర్చోలేదు.

డబ్బింగ్ మొదలైన రోజు హైదరాబాద్ నుంచి ఫోన్ చేశాడు. "అద్దాల గదిలో నిలబెట్టినారబ్బయా. చెవులకు డిప్పలు పెట్టినారు. బొమ్మలో నేను, చెవుల్లో నేను." మళ్లీ తనే అన్నాడు: "బాగానే ఉండాది."

ఆయన నాతో మాట్లాడిన చివరి మాట అదే.

కర్మకాండ అయ్యాక డైరెక్టర్ పాలెం వచ్చాడు. ఒక కాగితం తెచ్చాడు. అది ఇంగ్లీషులో ఉందని ఆమె నన్ను పిలిపించింది. విషయం చిన్నదే. ఆయన చెప్పిన పద్నాలుగు సీన్ల గొంతును ఏఐకి ఇస్తే, మిగిలిన పన్నెండూ అది ఆయన గొంతుతోనే చెబుతుంది. కుటుంబం సంతకం కావాలి.

"అంటే ఆయన మాట్లాడకుండానే ఆయన మాట్లాడినట్టు వస్తాది" అంది ఆమె.

"అవునమ్మా. తేడా తెలియదు."

"ఎవురు మాట్లాడతారు మరి?"

"ఎవరూ మాట్లాడరమ్మా. కంప్యూటర్ తయారుచేస్తుంది."

ఆమె డైరెక్టర్ వైపు తిరిగింది. "నలభై ఏళ్లు ఈయన మూతి కదిలిస్తే ఇంకొకాయన మాట్లాడినాడు. నాకు గిట్టలా. అయినా ఆయన మనిషి. ఈ ఇంటికి వచ్చినాడు, నా చేతి పులుసు తిన్నాడు, ఉప్పు జాస్తి అయిందన్నాడు. దీన్ని నేనేమని అనుకునేది?"

డైరెక్టర్ మంచివాడే. ఏదీ దాచలేదు. సంతకం చేయకపోతే ఏమవుతుందని అడిగితే ఉన్నదున్నట్టు చెప్పాడు. సగం ఒక గొంతు, సగం ఇంకో గొంతు ఉంటే నిర్మాత ఒప్పుకోడు. మొత్తం ఇరవై ఆరు సీన్లూ వేరే ఆర్టిస్టుతో చెప్పించాల్సి వస్తుంది.

"అయితే ఆయన చెప్పిపోయినవి కూడా తీసేస్తావా?"

"తీసెయ్యాల్సి వస్తుందమ్మా."

ఆమె లేచి లోపలికి పోయింది. తిరిగి వచ్చి గుమ్మం దగ్గరే నిలబడింది. "ఆ పిల్లి విన్నది ఉండాదే ఆడ ఇసకలో, అది యాడుండాది?"

డైరెక్టర్‌కు అర్థం కావడానికి కొంచెం సమయం పట్టింది. తర్వాత ఫోన్ తీసి వెతికి, పైలట్ ట్రాక్ వినిపించాడు. ముందు గాలి వచ్చింది. గాలి వెనక జనరేటర్. వాటన్నిటి మధ్య నుంచి ఆయన గొంతు, పైన మొదలై, చీలి, చివరి అక్షరం సాగి. మాటలో సగం పోయింది. పక్కింటి ముసలామె చేట పట్టుకుని వస్తూ ఆగిపోయింది.

"ఇది పెట్టు" అంది ఆయన భార్య.

"గాలి ఎక్కువగా ఉందమ్మా. హాల్లో మాట అర్థం కాదు."

"మేము ఈడ గాలిలోనే గదా వినేది. మాకు అర్థమవతాది. నిదానంగా వింటే వాళ్లకీ అర్థమవతాది."

గాలిని తగ్గించే యంత్రాలు ఉన్నాయని, ప్రయత్నిస్తామని డైరెక్టర్ అన్నాడు. గాలి తీస్తే గొంతులో కూడా కొంత పోతుందని అతనే చెప్పాడు. కాగితం వదిలి వెళ్లాడు. రేషన్ కార్డు ఉన్న ప్లాస్టిక్ కవరులో ఆమె దాన్ని పెట్టింది. ఆ తర్వాత రెండుసార్లు నిర్మాత ఆఫీసు నుంచి ఫోన్ వచ్చింది. రెండుసార్లూ ఆమె, ఇసకలోది ఏమయిందని అడిగింది. చూస్తున్నాం అన్నారు. ఆమె సంతకం చేయలేదు, చేయనని కూడా చెప్పలేదు.

నెల కిందట సినిమా టీజర్ వచ్చింది. అందులో ఆయన నాలుగు సెకన్లు కనిపిస్తాడు. సముద్రం వైపు తిరిగి ఏదో అంటున్నాడు, పైన సంగీతమే తప్ప మాట వినపడదు. ఒక చోట, ఏ బ దగ్గరో మ దగ్గరో, పెదాలు గట్టిగా మూసుకుని తెరుచుకుంటాయి. అది గొంతు ఇచ్చిన పద్నాలుగు సీన్లలోదా, మిగిలిపోయిన పన్నెండింటిలోదా అని డైరెక్టర్‌కు మెసేజ్ పెట్టాను. చూశాడని ఫోన్లో నీలం టిక్కులు పడ్డాయి. జవాబు ఇంకా రాలేదు.